ఖాతాలో కొత్త పేరు, ఆటలో పాత పేరు: మార్పు ఎక్కడ ఆగిపోయింది?

ప్రశ్న

అందరికీ నమస్కారం. నేను చాలా కాలంగా ఆడుతున్న ఒక ఆన్‌లైన్ ఆటలో నా యూజర్‌నేమ్ మార్చుకున్నాను. ఆట తయారీ సంస్థ వెబ్‌సైట్‌లో లాగిన్ అయి, ఖాతా వివరాల పేజీలో కొత్త పేరు ఇచ్చి సేవ్ చేశాను. పేరు మారినట్టు ధ్రువీకరిస్తూ మెయిల్ కూడా వచ్చింది. ఇప్పుడు ఆ పేజీ తెరిచినా కొత్త పేరే కనిపిస్తోంది. కానీ ఆటలోకి వెళితే మెయిన్ మెనూలో పాత పేరే ఉంది. మ్యాచ్ మొదలయ్యాక నా పాత్ర తల మీద కనిపించేదీ, ముగిశాక వచ్చే స్కోరు పట్టికలో ఉండేదీ అదే.

విచిత్రం ఏమిటంటే, నాతో కలిసి ఆడే మిత్రుల్లో ఒకరికి ఫ్రెండ్స్ జాబితాలో నా కొత్త పేరు కనిపిస్తోందట, మరొకరికి ఇంకా పాతదే కనిపిస్తోందట. నేను చేరిన జట్టు, అంటే క్లాన్ సభ్యుల జాబితాలోనూ, అందరి స్కోర్లను వరుసగా చూపే లీడర్‌బోర్డులోనూ పాత పేరు అలాగే ఉంది. నేను కంప్యూటర్ మీదా, కన్సోల్ మీదా ఒకే ఖాతాతో ఆడతాను. రెండు చోట్లా ఇదే పరిస్థితి. ఆటను మూసి తెరిచాను, కన్సోల్‌ను ఆపి మళ్లీ ఆన్ చేశాను, అయినా ఫలితం లేదు.

ఆటను పూర్తిగా తీసేసి మళ్లీ ఇన్‌స్టాల్ చేయమని కొందరు సలహా ఇస్తున్నారు. అలా చేస్తే ఇంతకాలం సంపాదించుకున్న లెవెల్, కొనుక్కున్న స్కిన్లు (పాత్ర వేషాలు) పోతాయేమోనని భయంగా ఉంది. ఇంకో సంగతి కూడా చెప్పాలి. నేను పేరు మార్చుకున్నది సరదా కోసం కాదు. పాత పేరులో నా అసలు పేరు, పుట్టిన సంవత్సరం రెండూ ఉన్నాయి, అవి ముక్కూ ముఖం తెలియని వాళ్లకు కనిపించడం నాకు ఇష్టం లేదు. అందుకే, కొన్నాళ్లు ఆగితే అదే సర్దుకుంటుందిలే అని ఊరుకోలేకపోతున్నాను. ఎక్కడ మొదలుపెట్టి చూడాలో తెలిసినవారు దయచేసి చెప్పగలరు.

సమాధానం 1

నమస్కారం అండి. మీరు చెప్పిన వివరాలను బట్టి చూస్తే పేరు మారకపోవడం కాదు, మారిన సంగతి అన్ని చోట్లకూ చేరకపోవడమే మీ సమస్య. మెయిల్ వచ్చింది, వెబ్‌సైట్‌లో కొత్త పేరు ఉంది, కనీసం ఒక మిత్రునికి కొత్త పేరు కనిపిస్తోంది. అంటే అసలు రికార్డు మారిపోయినట్టే. అందుకని అన్నిటికంటే ముందు ఒక విన్నపం: దయచేసి ఇంకోసారి పేరు మార్చే ప్రయత్నం చేయకండి. చాలా చోట్ల ఒక మార్పుకూ మరో మార్పుకూ మధ్య గడువు పెడతారు. మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌లో అది 30 రోజులు, ఎపిక్ గేమ్స్ ఖాతాలో రెండు వారాలు, రోబ్లాక్స్‌లో డిస్‌ప్లే నేమ్‌కు (ఇతరులకు చూపించే పేరుకు) 7 రోజులు. రోబ్లాక్స్‌లోనే యూజర్‌నేమ్ మార్చాలంటే మాత్రం 1,000 రోబక్స్ (అక్కడ డబ్బు పెట్టి కొనుక్కునే కరెన్సీ) ఖర్చవుతుంది. పని జరగలేదని కంగారుపడి మళ్లీ మారిస్తే గడువులో ఇరుక్కోవడమో, డబ్బు వృథా కావడమో జరుగుతుంది. పైగా ఏ పేరు ఎక్కడ నిలిచిపోయిందో తేల్చుకోవడం ఇంకా కష్టమవుతుంది.

ఇక మీ భయం గురించి. ఆట సర్వర్లు మిమ్మల్ని పేరుతో గుర్తుపట్టవు, ఖాతా తెరిచిన రోజున కేటాయించిన ఒక సంఖ్యతో గుర్తుపడతాయి. కంప్యూటర్ ఆటలు అమ్మే స్టీమ్‌లో ప్రతి ఖాతాకూ 7656119తో మొదలయ్యే 17 అంకెల సంఖ్య ఉంటుంది. అక్కడ అందరికీ కనిపించే ప్రొఫైల్ పేరును ఎప్పుడు కావాలంటే అప్పుడు మార్చుకోవచ్చు, లాగిన్‌కు వాడే అకౌంట్ నేమ్‌ను మాత్రం ఎప్పటికీ మార్చలేము. మైన్‌క్రాఫ్ట్‌లో ఆ పని చేసేది యూయూఐడీ అనే 128 బిట్ల గుర్తింపు. 2014 ఏప్రిల్‌లో వచ్చిన 1.7.6 వెర్షన్‌తో ఆటగాళ్లను పేరుతో కాక యూయూఐడీతో గుర్తించడం మొదలుపెట్టారు. ఆ పునాది పడ్డాకనే 2015 ఫిబ్రవరిలో పేర్లు మార్చుకునే వీలు కల్పించారు. మీ లెవెల్, స్కిన్లు, కొనుగోళ్లు ఆ సంఖ్యకే కట్టి ఉంటాయి కాబట్టి పేరు మారినంత మాత్రాన అవి ఎక్కడికీ పోవు.

మరి పాత పేరు ఎందుకు కనిపిస్తోంది? మ్యాచ్‌లో ఉన్న ప్రతి ఆటగాడి పేరునూ ప్రతి క్షణం అసలు డేటాబేస్‌ను అడిగి తెచ్చుకుంటే సర్వర్ ఆ భారం మోయలేదు. అందుకని ఒకసారి తెచ్చుకున్న పేరును ఎక్కడికక్కడ నకలు తీసి దాచుకుంటారు. మీ కంప్యూటర్‌లో ఆటను తెరిచే ప్రోగ్రామైన లాంచర్ దగ్గర ఒక నకలు, ఆట దగ్గర ఒకటి, ఫ్రెండ్స్ జాబితా నడిపే సర్వర్ దగ్గర ఒకటి, క్లాన్ వివరాల్లో ఒకటి, లీడర్‌బోర్డులో ఒకటి ఉంటాయి. ఒక్కో నకలుకు ఒక్కో గడువు ఉంటుంది, గడువు తీరాకే అది మళ్లీ అసలు చోటికి వెళ్లి అడుగుతుంది. ఒక మనిషి పేరు మార్చుకున్నాడన్న కబురు ఊళ్లో ఒక్కొక్కరికి ఒక్కో రోజున చేరినట్టే, ఇక్కడా కొత్త పేరు ఒక్కో చోటికి ఒక్కో వేళకు చేరుతుంది. మీ మిత్రులిద్దరికీ వేర్వేరు పేర్లు కనిపించడానికి కారణం బహుశా ఇదే. ఒకరు మీ పేరు మారాక కొత్తగా లాగిన్ అయి ఉంటారు, మరొకరు అంతకు ముందు నుంచీ లాగిన్‌లోనే ఉండి ఉంటారు.

కాబట్టి ఏ నకలు పాతబడిందో తేల్చాలి. ముందుగా మీకు కనిపించేదాన్ని, ఇతరులకు కనిపించేదాన్ని విడదీయండి. మీతో ఎప్పుడూ ఆడని ఒకరిని, లేదా కొత్త ఖాతా ఉన్న ఒకరిని, మీ కొత్త పేరుతో వెతకమని అడగండి. వారికి మీరు దొరికితే సర్వర్ వైపు పని పూర్తయినట్టు, మిగిలింది మీ పరికరంలోని నకలే. ఆ తర్వాత వారితో ఒక మ్యాచ్ ఆడి, వారి తెర మీద మీ పేరు ఎలా కనిపిస్తోందో స్క్రీన్‌షాట్ తీసి పంపమనండి. మీ తెర మీద పాత పేరు, వారి తెర మీద కొత్త పేరు ఉంటే తేలికగా పరిష్కారమయ్యే సమస్య. ఇద్దరికీ పాత పేరే ఉంటే ఆట సర్వర్‌కు మీ లాగిన్ నుంచే పాత పేరు అందుతోందని అర్థం.

పాత పేరు ఇంకా కనిపిస్తున్న మిత్రుని విషయంలో ఒకటి అడిగి చూడండి. స్టీమ్ వంటి చోట్ల మన మిత్రులు మనకు సొంతంగా ఒక నిక్‌నేమ్ పెట్టుకోవచ్చు. అలా పెట్టుకుని ఉంటే మనం ఎన్నిసార్లు పేరు మార్చుకున్నా వారి తెర మీద వారు పెట్టిన పేరే పైన కనిపిస్తూ ఉంటుంది.

సమాధానం 2

పైన చెప్పినదంతా సబబుగానే ఉంది. దానికి లాగిన్ టోకెన్ గురించి కొంత చేర్చాలి, ఎందుకంటే ఇద్దరి తెరల మీదా పాత పేరే ఉన్నప్పుడు చాలా సందర్భాల్లో కారణం అదే అవుతుంది.

మనం లాగిన్ అయినప్పుడు ఖాతా సర్వర్ మన చేతికి ఒక టోకెన్, అంటే గుర్తింపు చీటీ లాంటిది, ఇస్తుంది. అందులో మన సంఖ్యతో పాటు, చాలా చోట్ల, ఆ క్షణానికి ఉన్న పేరు కూడా రాసి ఉంటుంది. ఆట సర్వర్ ఆ టోకెన్‌ను నమ్మి, అందులో ఉన్న పేరునే తల మీద చూపిస్తుంది. టోకెన్ గడువు తీరేదాకా, లేదా మనం లాగౌట్ అయి మళ్లీ లాగిన్ అయ్యేదాకా, ఆ పేరు మారదు. ఆటను మూసి తెరిచినంత మాత్రాన టోకెన్ పోదు, అది డిస్క్ మీద భద్రంగా ఉంటుంది. మళ్లీ పాస్‌వర్డ్ అడగకుండా ఆట తెరుచుకుంటోందంటే పాత టోకెనే వాడుతున్నారని అనుకోవచ్చు. అందుకని మీరు చేయవలసింది మూసి తెరవడం కాదు, లాగౌట్ కావడం. అది కూడా ఆటలో మాత్రమే కాకుండా లాంచర్‌లో కూడా. లాంచర్ కిటికీ మూసినా అది వెనకాల నడుస్తూనే ఉంటుంది కాబట్టి, టాస్క్‌బార్ మూలన ఉన్న దాని గుర్తు మీద రైట్ క్లిక్ చేసి అక్కడి నుంచి నిష్క్రమించండి.

కన్సోల్ విషయంలో మీరు ఆపి ఆన్ చేశానన్నారు. ఇక్కడే చాలామందికి దారి తప్పుతుంది. ఇప్పటి కన్సోళ్లలో పవర్ బటన్ నొక్కితే చాలాసార్లు జరిగేది నిద్రావస్థే, పూర్తిగా ఆగిపోవడం కాదు. ఆట ఉన్నది ఉన్నట్టు గడ్డకట్టి, తిరిగి ఆన్ చేసినప్పుడు అక్కడి నుంచే లేస్తుంది. ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎక్స్, సిరీస్ ఎస్‌లలో ఉన్న క్విక్ రెజ్యూమ్ సదుపాయమైతే ఆట స్థితిని స్టోరేజ్‌లో రాసిపెట్టుకుంటుంది కాబట్టి, కన్సోల్‌ను నిజంగా రీస్టార్ట్ చేసినా ఆట పాత స్థితి నుంచే మొదలుకావచ్చు. అలాంటప్పుడు హోమ్ తెర మీద ఆట బొమ్మను ఎంచుకుని, మెనూ తెరిచి, క్విట్ నొక్కితేనే అది పూర్తిగా మూతపడుతుంది. తర్వాత కన్సోల్ ఖాతా నుంచి కూడా సైనౌట్ అయి, మళ్లీ సైనిన్ కండి.

రీఇన్‌స్టాల్ సలహాను నేను గట్టిగా వ్యతిరేకిస్తాను. మీ పేరు ఆట ఫైళ్లలో ఉండదు, కాబట్టి కొన్ని పదుల గిగాబైట్లు మళ్లీ దించుకున్నా టోకెన్ పాతదే అయితే పేరూ పాతదే వస్తుంది. లెవెల్, కొనుగోళ్లు సర్వర్‌లో ఉంటాయన్నది నిజమే కానీ, కంట్రోల్ సెట్టింగులు, ఒంటరిగా ఆడే భాగంలోని సేవ్ ఫైళ్లు కొన్ని ఆటల్లో పరికరంలోనే ఉంటాయి. క్లౌడ్ సేవ్ ఆన్ అయి ఉందని రూఢి చేసుకోకుండా ఆటను తీసేయడం, తాత్కాలిక నకళ్లు ఉండే క్యాష్ ఫోల్డరు అనుకుని కనిపించిన ఫోల్డరునల్లా చెరిపేయడం మంచి పని కాదు. ఫోన్‌లో ఆడేవారికి కూడా ఇదే చెబుతాను: ఆండ్రాయిడ్ సెట్టింగుల్లో ‘క్లియర్ క్యాష్’, ‘క్లియర్ స్టోరేజ్’ అని రెండు బటన్లు పక్కపక్కనే ఉంటాయి. మొదటిది నొక్కితే ప్రమాదం లేదు. రెండోది నొక్కితే ఆ యాప్ ఫోన్‌లో దాచుకున్న సమాచారమంతా పోతుంది, గెస్ట్ ఖాతాతో ఆడుతున్నవారైతే ఆ ఖాతానే పోగొట్టుకోవచ్చు.

ప్రశ్న అడిగినవారి స్పందన

ఇద్దరికీ ధన్యవాదాలు. మీరు చెప్పిన వరుసలోనే చేసి చూశాను. ఇంతవరకు నాతో ఆడని ఒకరిని అడిగితే కొత్త పేరుతో వెతికినప్పుడు నేను దొరికానన్నారు. పాత పేరుతో వెతికితే ఏమీ రాలేదట. ఇది తెలియగానే సగం ఊరట కలిగింది. మ్యాచ్‌లో మాత్రం అప్పటికి ఇద్దరి తెరల మీదా పాత పేరే ఉంది. కంప్యూటర్‌లో లాంచర్ నుంచి కూడా లాగౌట్ అయి, వెనకాల నడుస్తున్నదాన్ని మూసి, మళ్లీ పాస్‌వర్డ్ ఇచ్చి లోపలికి వెళితే మెయిన్ మెనూలోనూ మ్యాచ్‌లోనూ కొత్త పేరు వచ్చేసింది. పాత పేరు కనిపిస్తున్న మిత్రుడు నిక్‌నేమ్ ఏదీ పెట్టుకోలేదు. ఆయన కూడా లాగౌట్ అయి వచ్చాక ఆయనకూ సరైంది.

కన్సోల్ మీద మాత్రం ఆటను క్విట్ చేసి, సైనౌట్ అయి వచ్చినా పాత పేరే ఉంది. క్లాన్ జాబితా, లీడర్‌బోర్డు కూడా మారలేదు. ఇవి కాక, మా మిత్రబృందం మైన్‌క్రాఫ్ట్ కోసం సొంతంగా ఒక సర్వర్ నడుపుకుంటోంది. అక్కడ కూడా ఈ మధ్యే, ఇదే కారణంతో, పేరు మార్చుకున్నాను. అందులోకి వెళితే నేను కొత్త ఆటగాడిని అన్నట్టు ఖాళీ చేతులతో మొదటి చోట నిలబడ్డాను. నా సామాను, అనుమతులు ఏవీ లేవు. సంఖ్యే ముఖ్యం, పేరు కాదు అన్నప్పుడు ఇలా ఎందుకు జరిగింది?

సమాధానం 3

కన్సోల్ సంగతి నేను చెబుతాను. అక్కడ మీరు చూస్తున్నది పాతబడిన నకలు కాకపోవచ్చు, అసలు వేరే పేరే కావచ్చు.

ఒకే ఆటను అనేక పరికరాల మీద ఆడేవారికి రెండేసి, మూడేసి ఖాతాలు ఉంటాయి: ఆట తయారీ సంస్థది ఒకటి, కన్సోల్‌ది ఒకటి, కంప్యూటర్‌లో లాంచర్‌ది ఇంకొకటి. వాటిని లింక్ చేశాం కాబట్టి మనకు ఒకే ఖాతాలా అనిపిస్తుంది గానీ, ప్రతిదానికీ సొంత పేరు ఉంటుంది. ఏ పరికరం మీద ఏ పేరు చూపాలన్నది ఆట తయారుచేసినవారి నిర్ణయం. ఉదాహరణకు ఫోర్ట్‌నైట్ ఆడేవారు ఎపిక్ ఖాతాలో డిస్‌ప్లే నేమ్ మార్చుకున్నా, ప్లేస్టేషన్ లేదా ఎక్స్‌బాక్స్ మీద ఆడుతున్నప్పుడు ఆ కన్సోల్ ఖాతా పేరే కనిపిస్తుంది. మీ ఆట కూడా అలాంటిదే అయితే, కన్సోల్ ఖాతాలో పేరు మార్చేదాకా ఎన్నిసార్లు లాగౌట్ అయినా ఉపయోగం ఉండదు. మీ కన్సోల్ ప్రొఫైల్ పేరు, మీ పాత యూజర్‌నేమ్ రెండూ ఒకటేనా అన్నది చూడండి. ఒకటే అయితే దాదాపుగా నిర్ధారణ అయినట్టే.

అయితే కన్సోల్ పేరు మార్చే ముందు నిబంధనలు చదవాలి, ఎందుకంటే అన్ని ఆటలూ ఆ మార్పును ఒకేలా స్వీకరించవు. ప్లేస్టేషన్ నెట్‌వర్క్‌లో ఆన్‌లైన్ ఐడీ మార్చుకునే అవకాశం 2019 ఏప్రిల్‌లో వచ్చింది. మొదటి మార్పు ఉచితం. 2018 ఏప్రిల్ 1 తర్వాత విడుదలైన పీఎస్4 ఆటల్లో అత్యధికం దానికి అనుగుణంగా తయారైనవే. అంతకు ముందు వచ్చిన ఆటల్లో కొన్నిటిలో పాత పేరు కనిపిస్తూ ఉండటం మొదలుకొని, ప్రోగ్రెస్ కోల్పోవడం దాకా ఇబ్బందులు రావచ్చని ఆ సంస్థే హెచ్చరించింది. పీఎస్3, పీఎస్ వీటా ఆటలకైతే ఈ సదుపాయమే లేదు. ఇబ్బంది వస్తే పాత ఐడీకి తిరిగి వెళ్లడానికి డబ్బు తీసుకోరు. మీలాంటి కారణంతో మార్చుకునేవారు గమనించవలసింది ఇంకొకటి ఉంది. మార్చే సమయంలో, కొత్త ఐడీ పక్కన పాతదాన్ని 30 రోజుల పాటు చూపించాలా అని అడుగుతారు. మిత్రులు గుర్తుపట్టడానికి అది పనికొస్తుంది కానీ, మీరు దాన్ని ఎంచుకోకూడదు.

ఎక్స్‌బాక్స్‌లో ఇంకో తరహా తేడా ఉంది. 2019లో తెచ్చిన కొత్త గేమర్‌ట్యాగ్ (అక్కడ ఆటగాడి పేరు) పద్ధతిలో పేరు 12 అక్షరాల వరకు ఉండవచ్చు, అదే పేరు అప్పటికే ఇంకొకరికి ఉంటే వెనక హ్యాష్ గుర్తూ అంకెలూ చేరతాయి. పాత ఆటలకు ఆ పద్ధతి తెలియదు కాబట్టి, వాటిలో పేరు వేరే రూపంలో కనిపించవచ్చు. అది లోపం కాదు.

పేరు కనిపించకపోవడానికి అక్షరాలు కూడా కారణం కావచ్చునని ఇతర పాఠకుల కోసం చెబుతున్నాను. చాలా ఆటలు ఇంగ్లిషు అక్షరాలను, అంకెలను మాత్రమే అనుమతిస్తాయి. మైన్‌క్రాఫ్ట్ జావాలో పేరు 3 నుంచి 16 అక్షరాలు ఉండాలి, ఇంగ్లిషు అక్షరాలు, అంకెలు, అండర్‌స్కోర్ తప్ప మరేవీ కుదరవు. తెలుగు లిపిని వెబ్‌సైట్ ఒప్పుకున్నా ఆటలోని ఫాంటులో ఆ అక్షరాలు లేకపోతే పేరు స్థానంలో ఖాళీ గళ్లు వస్తాయి. లెక్కలో కూడా చిక్కు ఉంది. మన కంటికి ‘శ్రీ’ ఒక్క అక్షరమే గానీ, యూనికోడ్‌లో అది నాలుగు సంకేతాలు, ఆ సంకేతాలను కంప్యూటర్‌లో రాసే యూటీఎఫ్-8 పద్ధతిలో 12 బైట్లు. వెబ్‌సైట్ ఒక తీరున, ఆట సర్వర్ మరో తీరున పొడవు లెక్కిస్తే, వెబ్‌సైట్‌లో సరిపోయిన పేరు ఆటలో పట్టకపోవచ్చు.

సమాధానం 4

మైన్‌క్రాఫ్ట్ సర్వర్లు నడిపే అనుభవం నాకు ఉంది కాబట్టి ఆ ప్రశ్న నేను తీసుకుంటాను. మీకు ఎదురైనది ఆఫ్‌లైన్ మోడ్ సర్వర్ లక్షణం.

సర్వర్ ప్రాపర్టీస్ ఫైలులో ఆన్‌లైన్ మోడ్ అనే వరుస ఉంటుంది. అది ‘ట్రూ’ అని ఉంటే, మీరు చేరినప్పుడు సర్వర్ అధికారిక సేవను అడిగి మీ అసలు యూయూఐడీని, ప్రస్తుత పేరును తెచ్చుకుంటుంది. అప్పుడు పేరు మారినా మీ సామాను మీదే. ‘ఫాల్స్’ అని ఉంటే సర్వర్ ఎవరినీ అడగదు, మీరు చెప్పిన పేరు నుంచే లెక్కగట్టి ఒక యూయూఐడీ తయారుచేసుకుంటుంది. పేరు మారితే లెక్క మారుతుంది, లెక్క మారితే యూయూఐడీ మారుతుంది, దానితో మీరు కొత్త మనిషి అయిపోతారు. ఆ సర్వర్‌లో మాత్రం నిజంగానే పేరే మీ గుర్తింపు.

మీ సామాను పోలేదు. ప్రపంచం ఉన్న ఫోల్డరులో ‘ప్లేయర్‌డేటా’ అనే ఫోల్డరు ఉంటుంది. ప్రతి ఆటగాడికీ తన యూయూఐడీ పేరుతో ఒక ఫైలు అందులో ఉంటుంది. సర్వర్ నడిపేవారు ముందు సర్వర్‌ను ఆపి, ఫోల్డరు మొత్తాన్ని బ్యాకప్ తీసి, మీ పాత ఫైలుకు కొత్త యూయూఐడీ పేరు పెడితే సామాను తిరిగి వస్తుంది. సర్వర్ నడుస్తుండగా ఈ పని చేయకూడదు, మీరు బయటకు వెళ్లే సమయంలో అది ఖాళీ సామానును పైన రాసేస్తుంది. అనుమతుల కోసం ఆప్స్ (నిర్వాహక అధికారాలు ఉన్నవారి జాబితా), వైట్‌లిస్ట్ (చేరడానికి అనుమతి ఉన్నవారి జాబితా) ఫైళ్లలో మీ కొత్త పేరును కమాండ్‌తో మళ్లీ చేర్చాలి.

అందరికీ ఆట లైసెన్సు ఉంటే ఆన్‌లైన్ మోడ్‌కు మారిపోవడమే నేను ఇచ్చే సలహా. ఆఫ్‌లైన్ మోడ్‌లో మీ పాత పేరు తెలిసిన ఎవరైనా ఆ పేరుతో చేరి మీ సామానును, మీ అనుమతులను వాడుకోగలరు, ఎందుకంటే అడిగేవారు ఎవరూ లేరు. మోడ్ మార్చిన రోజున మాత్రం ప్రతి ఒక్కరి యూయూఐడీ మారుతుంది, కాబట్టి పైన చెప్పిన ఫైళ్ల పని అందరికీ ఒకేసారి చేయాల్సి వస్తుంది. పాత పేరును ఆప్స్ జాబితా నుంచి ఈ రోజే తీయించండి.

ఆన్‌లైన్ మోడ్‌లో కూడా పాత పేరు కొన్ని మూలల్లో మిగులుతుంది. యూజర్‌క్యాష్ అనే ఫైలులో పేరు, యూయూఐడీ జతలను సర్వర్ ఒక నెల గడువుతో దాచుకుంటుంది, మీరు చేరగానే దాన్ని సరిదిద్దుకుంటుంది. వైట్‌లిస్ట్ ఫైలులో పాత పేరు రాసి ఉన్నా ఫరవాలేదు, సర్వర్ పోల్చి చూసేది యూయూఐడీనే. స్కోర్‌బోర్డు మాత్రం పేరుతోనే నడుస్తుంది, అందువల్ల పాత పాయింట్లు పాత పేరు కిందే ఉండిపోతాయి. వాటిని కమాండ్‌తో కొత్త పేరుకు మార్చుకోవాలి. సర్వర్‌కు అదనపు సదుపాయాలు చేర్చే ప్లగిన్‌ల తీరు ఒక్కోదానిది ఒక్కోలా ఉంటుంది, పేరు మీద ఆధారపడి రాసిన పాత ప్లగిన్ ఉంటే స్థలాల హక్కులు, డబ్బు నిల్వలు చేతితో సరిచేయక తప్పదు.

మీ మరో ఆటలోని లీడర్‌బోర్డుకు కూడా ఇదే తర్కం వర్తిస్తుంది. స్కోరు నమోదైన క్షణంలో ఉన్న పేరును స్కోరుతో పాటు రాసిపెట్టే లీడర్‌బోర్డులు ఉంటాయి. అవి అసలు ఖాతాను తిరిగి అడగవు. మీరు కొత్తగా ఒక స్కోరు నమోదు చేస్తే ఆ వరుస మారవచ్చు, లేదా సీజన్ ముగిసి పట్టిక కొత్తగా మొదలైనప్పుడు మారవచ్చు. క్లాన్ జాబితా కోసం, క్లాన్ నాయకునితో మాట్లాడి ఒకసారి బయటకు వచ్చి తిరిగి చేరవచ్చు గానీ, చేరిన తేదీ, హోదా, క్లాన్ బహుమతుల అర్హత పోయే ఆటలు ఉన్నాయి. కొన్నాళ్లు ఆగడమో, సపోర్ట్‌కు రాయడమో మేలు.

ప్రశ్న అడిగినవారి స్పందన

కన్సోల్ విషయంలో మీరు ఊహించిందే నిజం. నా కన్సోల్ ప్రొఫైల్ పేరు, పాత యూజర్‌నేమ్ అచ్చంగా ఒకటే. ఖాతా తెరిచిన రోజుల్లో రెండు చోట్లా ఒకే పేరు పెట్టుకున్నాను, అందుకే రెండూ వేర్వేరు అన్న ఆలోచనే రాలేదు. మేము ఆడే ఆటల జాబితాను నిబంధనలతో సరిపోల్చి, ఆ తర్వాతే అక్కడ పేరు మారుస్తాను. మైన్‌క్రాఫ్ట్ సర్వర్ నడిపే మిత్రునికి మీ సమాధానం చూపించాను. బ్యాకప్ తీసి, ఫైలు పేరు మార్చారు, నా సామాను తిరిగి వచ్చింది. ఆప్స్ జాబితా నుంచి పాత పేరును తీసేశారు. ఆన్‌లైన్ మోడ్ గురించి అందరితో మాట్లాడుతున్నాం.

క్లాన్ జాబితా, లీడర్‌బోర్డు కోసం సపోర్ట్‌కు రాయాలనుకుంటున్నాను. ఏమేమి రాయాలి? అలాగే, పాత పేరును ఇతరులు తవ్వి తీసే దారులు ఇంకా ఉన్నాయా?

సమాధానం 2 ఇచ్చినవారి నుంచి

సపోర్ట్ టికెట్‌లో మీ ఖాతా సంఖ్యను తప్పక రాయండి. సాధారణంగా ఆట సెట్టింగుల్లో ఏదో ఒక మూలన అది ఉంటుంది. పేరు ఒక్కటే రాస్తే, ఏ పేరుతో వెతకాలో వారికీ సందేహమే. ధ్రువీకరణ మెయిల్ వచ్చిన తేదీ, సమయం, ఏ పరికరం, ఆట వెర్షన్, ఎక్కడ కొత్త పేరు ఉంది, ఎక్కడ పాతది ఉంది అన్నది స్క్రీన్‌షాట్లతో సహా చెప్పండి. లాగౌట్, లాగిన్ ఇప్పటికే చేశానని, వెతుకులాటలో కొత్త పేరు వస్తోందని రాస్తే మొదటి జవాబులో అవే సూచనలు మళ్లీ రాకుండా ఉంటాయి. పాత పేరులో వ్యక్తిగత వివరాలు ఉన్నాయన్న సంగతి మొదటి వాక్యంలోనే రాయండి. అప్పుడు వారు దాన్ని కేవలం ప్రదర్శన లోపంగా కాక గోప్యత సమస్యగా చూసే అవకాశం ఎక్కువ. పాస్‌వర్డ్ గానీ, ఫోన్‌కు వచ్చే కోడ్ గానీ నిజమైన సపోర్ట్ సిబ్బంది అడగరు. పేరు సరిచేసి పెడతామంటూ చాట్‌లో పలకరించేవారికి అసలు జవాబు ఇవ్వకండి.

పాత పేరును తవ్వి తీసే దారుల మాటకొస్తే, ఉన్నాయి. స్టీమ్ ప్రొఫైల్ పేరు పక్కన ఉన్న బాణం గుర్తు నొక్కితే ఇటీవలి పాత పేర్లు కనిపిస్తాయి, అయితే ఖాతాదారు ఆ జాబితాను చెరిపేసుకోవచ్చు. రోబ్లాక్స్ ప్రొఫైల్‌లో పాత యూజర్‌నేమ్‌లు ఇతరులకు కనిపిస్తాయి. మైన్‌క్రాఫ్ట్ పాత పేర్ల చరిత్రను ఎవరైనా అడిగి తెలుసుకునే అధికారిక సదుపాయాన్ని 2022 సెప్టెంబరులో తొలగించారు, కానీ అంతకు ముందే ఆ వివరాలు సేకరించి పెట్టుకున్న ఇతర వెబ్‌సైట్లు ఉన్నాయి. వాటిలో మీ పాత పేరు ఉందేమో వెతికి, ఉంటే తొలగించమని ఆ సైట్ నిర్వాహకులకు రాయవచ్చు. మీ పాత మ్యాచ్ వీడియోలు, స్క్రీన్‌షాట్లలో ఉన్న పేరు మాత్రం ఏ సర్వరూ మార్చలేదు. అవి మీ ఛానెల్‌లోనో, మిత్రుల ఛానెళ్లలోనో ఉంటే మీరే అడిగి తీయించుకోవాలి. ఆ పని ముందు పెట్టుకోండి. లీడర్‌బోర్డు సీజన్ ముగిసేసరికి మారినా మారుతుంది, వీడియోలు మాత్రం ఎవరూ తీయకపోతే అలాగే ఉండిపోతాయి.

ప్రశ్న అడిగినవారి స్పందన

మీరు చెప్పిన తీరునే టికెట్ రాశాను. క్లాన్ జాబితాలో పేరు చేతితో సరిచేశామని, లీడర్‌బోర్డు వరుస నేను కొత్త స్కోరు నమోదు చేయగానే మారుతుందని జవాబు వచ్చింది. ఒక మ్యాచ్ ఆడి చూశాను, మారింది. వీడియోల కోసం మిత్రులకు సందేశాలు పంపాను, ఒకరు అప్పుడే తీసేశారు. కన్సోల్ పేరు మార్పు ఒక్కటే మిగిలి ఉంది. మేము ఆడే ఆటల్లో ఒకటి 2018కి ముందుది కాబట్టి, దాని సేవ్ ఫైళ్లు బ్యాకప్ తీసుకున్నాకే అది చేస్తాను. ఇదే ఇబ్బందితో వచ్చేవారికి పనికొస్తుందని, ప్రశ్న మీద ‘పరిష్కారమైంది’ అని గుర్తు పెడుతున్నాను.